కాలభస్మం ఉన్న కథలో హీరోయిన్ చేతులు ఎలా కట్టెయ్యాలి?

సగంరాత

అందరికీ నమస్కారం. చాన్నాళ్లుగా ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను. రాజ్యం, చరిత్ర, దేవుళ్లు అన్నీ కల్పితమే. అందులో కాలభస్మం అని ఒక పదార్థం ఉంది, ఒకే ఒక కొండ అడుగున గనిలో బూడిద రంగు పొడిగా దొరుకుతుంది. చిటికెడు చల్లితే ఆ చోట కాలం నెమ్మదిస్తుంది. గుప్పెడు చల్లితే పూర్తిగా ఆగిపోతుంది. ఒంటికి రాసుకుంటే రాసుకున్న మనిషి మిగతా ప్రపంచం కన్నా వేగంగా కదలగలదు. నీళ్లలో కలిపి తాగితే కాలంలో వెనక్కి వెళ్లొచ్చు.

రాస్తున్నంతసేపూ బాగానే ఉంది. మొన్న చదవమని ఇచ్చిన స్నేహితురాలు ఒక్క ప్రశ్న వేసింది. "మొదటి అధ్యాయంలో తండ్రి చనిపోయాడు, నాలుగో అధ్యాయంలో ఆమెకి సంచెడు భస్మం దొరికింది, మరి తాగేసి వెనక్కి వెళ్లి నాన్నని కాపాడుకోదేం?" అక్కణ్నుంచి ముందుకి కదలట్లేదు నవల.

వాడిన ప్రతిసారీ ఆయుష్షులో ఒక ఏడాది తగ్గిపోతుంది అని పెట్టొచ్చు. కానీ అది అందరూ పెట్టేదే. పైగా ఈమెకి ఇరవై ఏళ్లు, తండ్రి కోసం ఒక ఏడాది ఇచ్చెయ్యదా? నేనైతే ఇచ్చేస్తాను. భస్మం ఉండాలి, దానికి విలువ ఉండాలి, కానీ అది ఉంది కదా అని ప్రతి సమస్యా తేలిపోకూడదు. ఇలాంటివి రాసినవాళ్లు, చదివినవాళ్లు, ఊరికే ఆలోచించడం ఇష్టమైనవాళ్లు ఎవరైనా సరే, పరిమితులు ఎలా పెడతారో చెప్పండి. లాజిక్ తప్పులు కనిపిస్తే మొహమాటం లేకుండా చెప్పెయ్యండి.

లెక్కలపిచ్చి

మీ దగ్గరున్నది ఒక భస్మం కాదండీ, నాలుగు. నెమ్మదించేది, ఆపేది, వేగం పెంచేది, వెనక్కి తీసుకెళ్లేది. నాలుగూ ఒకే సంచిలో ఉంటే ఏ ఆపద వచ్చినా ఆమె సంచిలో చెయ్యి పెడుతుంది, కథ అక్కడితో అయిపోతుంది. ఒకటి ఉంచుకుని మూడు తీసెయ్యండి. నన్నడిగితే నెమ్మదించడం ఉంచుకోండి, ఎందుకంటే నాలుగింటిలో చదివేవాళ్లు తేలిగ్గా నమ్మేది అదే. కాలం అన్నిచోట్లా ఒకే వేగంతో నడవదన్నది ఎప్పుడో తేలిపోయింది. 1971లో సీసియం గడియారాలని (చాలా కచ్చితంగా నడిచే అణు గడియారాలు) మామూలు ప్రయాణికుల విమానాల్లో పెట్టి భూమి చుట్టూ తిప్పితే, తూర్పుకి వెళ్లినవి సుమారు 59 నానోసెకన్లు వెనకబడ్డాయి, పడమరకి వెళ్లినవి సుమారు 273 నానోసెకన్లు ముందుకెళ్లాయి. జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు రోజుకి దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకి పోతాయి, ఆ తేడా సరిచెయ్యకపోతే ఒక్క రోజులోనే దారి కిలోమీటర్ల కొద్దీ తప్పుతుంది. వెనక్కి వెళ్లడానికి మాత్రం ఇలా చూపించడానికి ఏమీ లేదు.

ఇక ఒంటికి రాసుకుని వేగంగా కదలడం. అందరికీ నచ్చేది ఇదే, రాసేవాళ్లని నిలువునా ముంచేదీ ఇదే. ఆమె కాలం బయటి కన్నా రెట్టింపు వేగంగా నడుస్తోందనుకోండి. మన కంటికి కనబడే వెలుగు తరంగదైర్ఘ్యం సుమారు 400 నుంచి 700 నానోమీటర్లు. ఆమె దృష్టిలో అదంతా రెట్టింపై 800 నుంచి 1400 అవుతుంది, అంటే మొత్తం కంటికి కనబడని పరారుణంలోకి వెళ్లిపోయింది. ఎండలో ఉంటే అతినీలలోహిత కిరణాలు కాస్త సాగి మసక ఎరుపుగా కనిపిస్తాయేమో, దీపం వెలుగులో అయితే దాదాపు గుడ్డిదే. ఇది కేవలం రెట్టింపుకి! పది రెట్లంటే పట్టపగలే చీకటి. మాటలూ అంతే, 200 హెర్ట్‌జ్ గొంతు ఆమెకి 20 హెర్ట్‌జ్ దగ్గర వినిపిస్తుంది, మనిషి చెవి పట్టగలిగే అట్టడుగు అంచు అది.

బరువు సంగతి ఇంకా తమాషా. పది రెట్ల వేగంలో ఉన్న మనిషికి భూమి ఆకర్షణ నూరో వంతుగా అనిపిస్తుంది (పది కాదు, పదికి వర్గం). మామూలుగా అర మీటరు గెంతే మనిషి 50 మీటర్లు లేస్తుంది. నడవడమే రాదు, అడుగు వేస్తే గాల్లోకి పోతుంది, మళ్లీ దిగేదాకా ఎటూ తిరగలేదు. పైగా పడుకుని ఉన్నా మనిషి ఒంట్లోంచి సుమారు 100 వాట్ల వేడి బయటికి వస్తుంది, బయటివాళ్ల లెక్కలో ఆమెది 1000 వాట్లు. దాక్కుందామన్నా పక్కనున్నవాళ్లకి సెగ తగులుతుంది.

పూర్తిగా ఆపెయ్యడం గురించి రెండు ముక్కలే. అన్నీ ఆగితే వెలుగూ ఆగుతుంది, గాలీ ఆగుతుంది. ఆమె చూడలేదు, ఊపిరి పీల్చలేదు. తీసెయ్యండి.

నెమ్మదించే భస్మంలో ఒక్క చోట మాత్రం మంత్రం అని ఒప్పుకోవాలి. లోపల కాలం పది రెట్లు నెమ్మదైనప్పుడు బరువు మాత్రం బయటి లెక్కలోనే పనిచేస్తే లోపలివాళ్లు నూరు రెట్ల బరువు కింద నలిగిపోతారు. కాబట్టి ఆ వలయంలో కింద పడటం కూడా నెమ్మదిస్తుందని రూల్ పెట్టుకోండి. బయటినుంచి చూస్తే గాల్లో విసిరిన రాయి తాపీగా కిందికి దిగుతూ ఉంటుంది, చూడ్డానికీ బాగుంటుంది.

ముక్కుసూటి

అడిగినవారు నవల రాస్తున్నారా, ఫిజిక్స్ పరీక్ష రాస్తున్నారా? నానోమీటర్లు చూసి ఎవరూ పుస్తకం కింద పెట్టరు, హీరోయిన్ మీద నమ్మకం పోతే పెడతారు. పురాణాల్లో రైవతుడనే రాజు కథ గుర్తుందా? కూతురు రేవతికి తగిన వరుడెవరో అడుగుదామని ఆమెని వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ పాట జరుగుతోంది, అయ్యేదాకా ఆగాడు. ఆ కాసేపట్లో భూమ్మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయి. మనసులో అనుకున్న వరులు, వాళ్ల కొడుకులు, మనవలు, చివరికి వాళ్ల గోత్రాల పేర్లు కూడా మిగల్లేదు. బ్రహ్మ చెబితే తిరిగొచ్చి బలరాముడికిచ్చి పెళ్లి చేశాడు. వెలుగు ఎటు వంగింది, బరువు ఎంతైంది అని ఇన్ని తరాల్లో ఒక్కరు అడిగారా?

ఆ కథలో ఎవరూ ఏదీ వాడుకోలేదు చూడండి. కాలం వాళ్లకి జరిగింది, అంతే. మీ నవలలో కాలం పనిముట్టు అయిపోయింది, అందుకే ఇరుక్కున్నారు. నా సలహా చిన్నది. వెనక్కి వెళ్లడం తీసెయ్యండి, మిగతావి ఉంచండి, ఏ రూల్ పెట్టినా చివరి పేజీ దాకా దాటకండి. కళ్లు కనబడకపోతే కనబడలేదని రాయండి, లేదంటే అసలా ప్రస్తావనే వద్దు. సగం సైన్సు సగం మంత్రం కలిపితే రెండూ చెడతాయి.

లెక్కలపిచ్చి

సైన్సు పాఠం పెట్టమనలేదండీ. చీకటి, సెగ, నడవలేకపోవడం, ఇవన్నీ ఉచితంగా దొరికే పరిమితులు అంటున్నాను. ఆయుష్షు తగ్గడం లాంటిది బయటినుంచి అతికించినట్టుంటుంది, ఇవి ఆ పనిలోంచే పుడతాయి. చదివేవాళ్లకి కారణం చెప్పక్కర్లేదు, భస్మం రాసుకుంటే కళ్లు చీకట్లు కమ్ముతాయి అని ఒక్క మాట చాలు.

సగంరాత

ఇద్దరి మాటా నచ్చింది, ఏం చెయ్యను! ఆపడం తీసేస్తున్నాను, అది పోయినా నష్టం లేదు. వెనక్కి వెళ్లడం తియ్యడానికే మనసొప్పట్లేదు, ఎందుకంటే విలన్‌కి కావలసింది అదే, పాత యుద్ధాన్ని మళ్లీ జరిపించాలని చూస్తుంటాడు. చీకట్లో వేగంగా కదలడం మాత్రం అద్భుతం, ఆమె చిన్నప్పట్నుంచి గనిలో పెరిగింది, చీకటి ఆమెకి అలవాటు. ఒక ఉపయోగం దొరికింది దానికి.

గాజుగడియారం

నాకు తోచింది ఇంకొకటి. పైన అందరూ కాలం గురించి మాట్లాడుతున్నారు, భస్మం గురించి ఎవరూ మాట్లాడలేదు. మీరు కాలాన్ని మార్చే యంత్రం పెట్టలేదు, శాపం పెట్టలేదు, వరం పెట్టలేదు. పొడి పెట్టారు. పొడికి బరువుంటుంది, ఒలుకుతుంది, తడుస్తుంది, గాలికి ఎగిరిపోతుంది, దొంగలెత్తుకుపోతారు, కల్తీ చేస్తారు, అయిపోతుంది. మీకు కావలసిన పరిమితులన్నీ అందులోనే ఉన్నాయి, కాలం జోలికి పోనక్కర్లేదు.

ఇసుక గడియారమే చూడండి. నీటి గడియారంలో పైన నీళ్లు తగ్గేకొద్దీ ధార సన్నబడుతుంది. ఇసుకకి ఆ బాధ లేదు, పైన ఎంత ఎత్తున ఉన్నా మెడలోంచి దాదాపు ఒకే వేగంతో జారుతుంది, ఎందుకంటే రేణువుల బరువులో చాలా భాగాన్ని పక్క గోడలే మోస్తాయి. ఓడల్లో అరగంటకోసారి గాజుబుడ్డి తిరగేసి గంట కొట్టేవాళ్లు. అందులో ఎప్పుడూ ఇసుకే వాడేవాళ్లా అంటే కాదు, పాలరాతి పొడి, గుడ్డు పెంకుల మెత్తని పొడి కూడా వాడారు. గరుకైన రేణువు మెడని అరగదీస్తుంది, చెమ్మ తగిలితే ముద్ద కట్టి ఆగిపోతుంది. మీ భస్మానికి చెమ్మ ఏం చేస్తుందో ఆలోచించారా? వానలో ఆ సంచి ఏమవుతుంది? తడిసి ముద్దైన భస్మం పనిచెయ్యదంటే వానాకాలమంతా ఆ రాజ్యంలో బలాబలాలు తారుమారైపోతాయి. యుద్ధాలన్నీ ఎండాకాలంలోనే జరుగుతాయి. ఇలాంటివి ఒక్కొక్కటీ రాజ్యాన్ని తయారుచేస్తాయి.

ఇంకోటి, నాకు బాగా ఇష్టమైనది. భస్మం నిలవ ఉండకూడదు. ఆసుపత్రుల్లో స్కానింగ్‌కి వాడే టెక్నీషియం-99ఎం అనే రేడియోధార్మిక పదార్థం ఒకటుంది, దాని అర్ధాయుష్షు 6 గంటలు, అంటే ప్రతి 6 గంటలకీ సగమైపోతుంది. పొద్దున ఉన్నదాంట్లో సాయంత్రానికి సగం కూడా మిగలదు. కొని దాచుకోవడం కుదరదు. అందుకే దాని తల్లి మూలకం మాలిబ్డినం-99ని తెప్పించుకుంటారు, అది సుమారు 66 గంటలకి సగమవుతుంది, దాంట్లోంచి రోజూ కావలసినంత టెక్నీషియం తీసుకుంటారు. ఆ తల్లి పెట్టె కూడా పాతబడుతుంది, మళ్లీ కొత్తది రావాలి. ఇప్పుడు మీ గని దగ్గరికి రండి. తవ్విన భస్మం మూడు రోజులకి సగం బలం అయిపోతుందనుకోండి, ఆరు రోజులకి పావు, తొమ్మిది రోజులకి ఎనిమిదో వంతు. అలా అయితే ఏ రాజూ కోట నిండా భస్మం నింపుకుని కూర్చోలేడు. గనికి దగ్గరున్నవాడిదే బలం. దూరపు రాజ్యం దాకా వచ్చేసరికి సంచెడు భస్మం చిటికెడు పని కూడా చెయ్యదు. దారులు, గుర్రాలు, వంతెనలు, వీటి కోసం కొట్టుకుంటారు. మీ హీరోయిన్‌కి సంచి నాలుగో అధ్యాయంలో దొరికింది కదా, తండ్రి చనిపోయి ఎన్నాళ్లైంది? మీ స్నేహితురాలి ప్రశ్నకి సమాధానం అందులో ఉందేమో చూడండి. అంత వెనక్కి వెళ్లాలంటే ఎంత తాజా భస్మం ఎంత కావాలో ఆమె లెక్కేసుకుంటుంది, సంచిలో ఉన్నది చాలదని తెలుస్తుంది. అప్పుడామె గని వైపు ప్రయాణం కట్టడానికి గట్టి కారణం కూడా దొరికింది.

కల్తీ కూడా వదలొద్దు. బూడిద రంగు పొడి అన్నారు, మామూలు బూడిద కలిపితే ఎవరు గుర్తుపడతారు? పరీక్ష ఇలా పెట్టొచ్చు. ఒకే పొడుగున్న రెండు వత్తులు పక్కపక్కన వెలిగిస్తారు. ఒకదాని చుట్టూ చిటికెడు భస్మం చల్లుతారు. అసలుదైతే ఆ మంట రెపరెపలు ఆగిపోయి బద్ధకంగా ఊగుతుంది, రంగు ఎర్రగా తిరిగి, బాగా గట్టి సరుకైతే కంటికి కనబడకుండానే పోతుంది. పక్క వత్తి సగం కాలేసరికి ఇది ఎంత కాలిందో కొలకర్రతో చూసి ధర చెబుతాడు వ్యాపారి. ఆ కొలకర్రలోనే మోసం చేసేవాడు ఒకడుంటాడు, వాణ్ని కూడా పెట్టండి, నాకోసం.

లెక్కలపిచ్చి

మంట ఎర్రబడటం కరెక్ట్! లోపల పుట్టిన వెలుగు బయటికొచ్చేసరికి సాగుతుంది. లోపలున్న మనుషుల మీద పడి వచ్చే బయటి వెలుగు మాత్రం అలా ఎర్రబడదు, వెళ్లేటప్పుడు కుంచించుకుపోయినది తిరిగొచ్చేటప్పుడు మళ్లీ సాగి మొదటికొస్తుంది.

అడ్డుపుల్ల

వెనక్కి వెళ్లడం ఉంచుతానన్నారు కాబట్టి అడుగుతున్నా. భూమి సూర్యుడి చుట్టూ సెకనుకి 30 కిలోమీటర్ల వేగంతో తిరుగుతోంది. అరగంట వెనక్కి వెళితే ఆ భూమి 54,000 కిలోమీటర్ల అవతల ఉంటుంది. మీ విలన్ భస్మం తాగి నేరుగా శూన్యంలో తేలతాడు. యుద్ధం గెలవడం కాదు, ఊపిరాడక ఛస్తాడు.

లెక్కలపిచ్చి

ఈ వాదన ప్రతిచోటా వస్తుంది గానీ ఇందులో పస లేదండీ. భూమి ఎక్కడికో వెళ్లిపోయింది అంటున్నారు, దేన్నుంచి చూస్తే? సూర్యుణ్నుంచి చూస్తే 30, పాలపుంత మధ్య నుంచి చూస్తే సెకనుకి 200 కిలోమీటర్ల పైమాటే. ఆకాశంలో ఫలానా చోటు ఇది అని కదలకుండా పాతిపెట్టిన గుంజ ఏదీ లేదు, ఎవరి లెక్క వాళ్లది. భస్మం భూమిలోంచి తవ్వింది కాబట్టి భూమినే అంటిపెట్టుకుంటుంది అంటే సరిపోతుంది.

అడ్డుపుల్ల

భూమినే అంటిపెట్టుకుంటుంది అంటే అదో మంత్రం కదా. సరే, ఒప్పుకోను గానీ ఊరుకుంటా.

వానచినుకు

నేను భస్మం తాగే చోటే ఆగిపోయాను. తాగితే వెనక్కి వెళ్లేది ఎవరు? మనిషి మొత్తం ప్రపంచంలో వెనక్కి వెళ్తుందా, లేక ప్రపంచం ఇలాగే ఉండి ఆ ఒళ్లు మాత్రమే వెనకటి స్థితికి వెళ్తుందా? మొదటిదైతే స్నేహితురాలి ప్రశ్న ఎప్పటికీ వదలదు, ఎన్ని అడ్డాలు పెట్టినా ఎవరో ఒకరు తాజా భస్మం బండెడు తాగేస్తారు. రెండోది పెట్టండి. ఆ చిన్న మార్పుతో కథంతా వేరే అయిపోతుంది.

జ్ఞాపకం ఉండేది మెదడులో. మెదడు ఒంట్లో భాగం. ఒళ్లు నిన్నటికి వెళితే నిన్నటి నుంచి ఇప్పటిదాకా జరిగిందేదీ గుర్తుండదు. కత్తిపోటు తగిలిన మనిషికి తాగిస్తే గాయం పోతుంది, ఎవరు పొడిచారో కూడా పోతుంది. లేచి కూర్చుని, పొడిచినవాడు ఎదురుగా వస్తే నవ్వుతూ పలకరిస్తుంది. ఇది మీ హీరోయిన్‌కి జరిగితే? చదివేవాళ్లకి తెలుసు, ఆమెకి తెలీదు. విలన్ భస్మాన్ని మందు పేరుతో పంచుతున్నాడనుకోండి, సైన్యానికి గాయాలు నయం చేస్తున్నట్టే ఉంటుంది, ఏ సైనికుడికీ తను చేసిన ఘోరం గుర్తుండదు. పొద్దున ఊరు తగలబెట్టి, సాయంత్రం తాగి, మర్నాడు మళ్లీ అదే చేతులతో, ఏ బరువూ లేకుండా. పాత యుద్ధాన్ని మళ్లీ జరిపించడం కన్నా ఇది భయంకరంగా లేదూ?

గాయానికి పైపైన రాస్తే వేరే సంగతి. ఆ చోటు మాత్రమే వెనక్కి వెళుతుంది, జ్ఞాపకం ఉంటుంది. కానీ కారిపోయిన రక్తం ఎక్కణ్నుంచి వస్తుంది? ఇదొక్కటి తేల్చుకోవాలి మీరు. కాలిపోయిన కొవ్వొత్తిని వెనక్కి తిప్పుదామంటే మైనం ఇప్పుడు మైనంగా లేదు, పొగగా, ఆవిరిగా గాల్లో కలిసి ఎటో పోయింది. భస్మం దాన్నంతా ఏరుకొచ్చి పోగేస్తుందంటే ఒక్క కొవ్వొత్తితో ఏళ్ల తరబడి దీపం వెలిగించుకోవచ్చు, ఇక ఎవరూ కొత్తది కొనరు. పోగెయ్యలేదంటే మిగిలిన ముక్కే కొత్తగా అవుతుంది తప్ప పొడుగు పెరగదు. నేను రెండోదానికే ఓటేస్తాను. పగిలిన కుండ అతుక్కోవాలంటే పెంకులన్నీ దగ్గర ఉండాలి, ఒక్కటి దొరక్కపోతే ఆ చోట చిల్లు అలాగే ఉంటుంది. అలాగే గాయం మానుతుంది గానీ రక్తం తిరిగిరాదు, పాలిపోయి నెలల తరబడి మంచం మీదే ఉంటారు. చనిపోయిన మనిషి సంగతి చెప్పనక్కర్లేదు, దహనం అయిపోయాక ఏం పోగుచేస్తారు? తండ్రిని ఎందుకు కాపాడుకోదు అన్నదానికి ఇంకేం సమాధానం కావాలి?

ముక్కుసూటి

వానచినుకు గారిది బాగుంది. అదొక్కటి ఉంచి పైన ఉన్న లెక్కలన్నీ తీసెయ్యండి.

గాజుగడియారం

తీసెయ్యక్కర్లేదు, కలుస్తాయి. మూడు రోజులకి సగం బలం పోయే భస్మమైతే గాయం తగిలిన చోటికి తాజాది సమయానికి చేరాలి. ఇక్కడ ఇంకో తమాషా ఉంది. గాయపడ్డవాళ్ల చుట్టూ భస్మం చల్లి కాలం నెమ్మదింపజేసి, ఈలోపు తాజా భస్మం కోసం గుర్రం పంపొచ్చు. లోపలివాళ్లకి గంట, బయట పది గంటలు. ఏ సరుకు చల్లాలి, ఏది తాగించడానికి దాచాలి అని వైద్యుడు బుర్ర బద్దలు కొట్టుకోవాలి.

సగంరాత

ఇంత వస్తుందనుకోలేదు. ఇలా చేస్తున్నాను, చూసి చెప్పండి. చల్లితే నెమ్మదిస్తుంది, తాగితే ఒళ్లు వెనక్కి వెళ్తుంది, జ్ఞాపకంతో సహా. ఒంటికి రాసుకోవడం తీసేశాను. చీకట్లో గెంతే సీన్లు పోతున్నందుకు బాధగానే ఉంది గానీ, పొడి మీద పడ్డవాళ్లు నెమ్మదించి రాసుకున్నవాళ్లు వేగం అందుకుంటారంటే ఎలా కుదురుతుంది? మూడు రోజులకి సగం బలం. తడిస్తే పనికిరాదు. పోయినది తిరిగిరాదు, ఉన్నది మాత్రమే బాగవుతుంది. విలన్‌కి యుద్ధం మళ్లీ జరిపించే కోరిక తీసేసి మందు పంచే పని ఇచ్చాను, అది రాస్తుంటే నాకే ఒళ్లు జలదరించింది.

ఒక చిన్న అనుమానం మిగిలింది. ఏడో అధ్యాయంలో ఆమె వంతెన మీద పరిగెడుతూ, తరుముకొస్తున్న సైనికుల మీద భస్మం విసురుతుంది. వాళ్లు నెమ్మదిస్తారు, ఆమె తప్పించుకుంటుంది. మరీ తేలిగ్గా అయిపోయినట్టుంది. ఏం చెయ్యొచ్చు?

లెక్కలపిచ్చి

ముందు వరసలో ఉన్నవాళ్లు వలయంలోకి వస్తారు, వెనక వరస ఇంకా బయటే ఉంటుంది కదా. వెనకవాళ్లు అదే ఊపులో వచ్చి ముందువాళ్లని గుద్దుకుంటారు. అంచు దగ్గర ఇంకా ఘోరం, చెయ్యి లోపల, గుండె బయట ఉన్నవాడికి ఆ చేతిలోకి పోయిన రక్తం వెంటనే తిరిగిరాదు, మొద్దుబారిపోతుంది. బల్లెం విసిరితే మొన లోపల నెమ్మదించి, వెనకభాగం అదే వేగంతో తోసుకొచ్చి కర్ర పటుక్కున విరుగుతుంది. అలా ఒకటి చూపిస్తే మిగతావాళ్లు వలయం దగ్గరే నిలబడిపోతారు, చుట్టూ తిరిగి వచ్చే దారి వెతుకుతారు.

గాజుగడియారం

అన్నిటికన్నా ముందు గాలి ఎటు వీస్తోందో చెప్పండి. వంతెన మీద గాలి ఉంటుంది, అది పొడి. ఎదురుగాలిలో విసిరితే ఆమె మీదే పడుతుంది. ఆమెకి తన ఒంట్లో ఏ తేడా తెలీదు, కాలు మామూలుగానే ముందుకి పడుతోంది, సైనికులే ఒక్కసారిగా పది రెట్లు వేగంగా, కీచుగొంతులతో అరుస్తూ మీదికొచ్చి పడతారు.

సగంరాత

ఎదురుగాలే పెడుతున్నాను. ఆమె దొరికిపోతే ఎనిమిదో అధ్యాయం మొత్తం మార్చాలి, అయినా సరే.